రెండు మినార్ల మధ్య దూరం

బస్సులో కిటికీ పక్కన కూర్చుని వెళ్తున్నప్పుడు రోడ్డు వారగా వెనక్కి పరుగెత్తే కిలోమీటరు రాళ్ళను మీరు చూసే ఉంటారు. జాతీయ రహదారి అయితే రాయి తలకి పసుపు రంగు, రాష్ట్ర రహదారి అయితే ఆకుపచ్చ. రాబోయే ఊరి పేరు, దాని కింద ఒక అంకె. అంతకు మించి ఆ రాయి మనకు చెప్పవలసిందేమీ లేదు, మనం అడగవలసిందీ లేదు. ఇప్పుడు ఒక్క అక్షరం గానీ ఒక్క అంకె గానీ లేని మైలురాయిని ఊహించండి. అది మోకాలి ఎత్తు రాయి కాదు, దాదాపు 30 అడుగుల ఇటుక స్తంభం. ఊరి పేరు ఉండదు, ఎంత దూరమో ఉండదు. మరి దానివల్ల బాటసారికి ప్రయోజనమేమిటి?

ఇవే కోస్ మినార్లు. మొగల్ పాలకుల కాలంలో ఉత్తర భారతదేశపు రాజమార్గాల వెంట, కోసుకొకటి చొప్పున నిలబెట్టినవి. శ్రీనగర్ నుంచి కన్యాకుమారి దాకా పోయే 44వ నంబరు జాతీయ రహదారి మన తెలుగువారికి బాగా పరిచయమే. ఆదిలాబాద్ వైపు నుంచి వచ్చి హైదరాబాద్, కర్నూలు, అనంతపురం మీదుగా సాగే రోడ్డు అదే. దాని మీద ఉత్తరాదికి పోయి, ఢిల్లీ దాటి పానిపట్, కర్నాల్, అంబాలా దిశగా సాగితే పొలాల మధ్య, ఇళ్ళ వెనుక, రైలు కట్ట పక్కన ఈ స్తంభాలు అక్కడొకటి ఇక్కడొకటి కనిపిస్తాయి. అడుగున ఎనిమిది పలకల పీఠం, దాని మీద పైకి పోను పోను సన్నబడే గుండ్రని కాండం. లోపల మెట్లు లేవు, గది లేదు. పలుచని లఖోరీ ఇటుకలను సున్నంతో కట్టి, పైన సున్నపు పూత పూశారు. తాజ్‌మహల్‌ను చూసిన కంటితో చూస్తే ఇందులో చూడటానికేమీ లేదనిపిస్తుంది. భారతదేశంలో ఇవి సుమారు 110 మిగిలాయి. వాటిలో సగం దాకా ఒక్క హర్యానా రాష్ట్రంలోనే ఉన్నాయి.

అక్షరం లేని ఈ స్తంభం బాటసారికి ఏం చెప్పేది? ఒంటరిగా ఏమీ చెప్పేది కాదు. ఒకదాని దగ్గర బయలుదేరి రెండోదాన్ని చేరినప్పుడు మాత్రం 'ఒక కోసు నడిచావు' అని చెప్పేది. పొద్దుటి నుంచి ఎన్ని దాటామో లెక్కపెట్టుకుంటే ఎంత దూరం వచ్చామో తెలిసేది. అంటే సమాచారం స్తంభంలో లేదు, రెండు స్తంభాల మధ్యనున్న ఖాళీ నేలలో ఉంది. ఈ మాటను గుర్తు పెట్టుకోండి. ముందు ముందు దీనితో మనకు పని ఉంది.

కేక వినిపించినంత దూరం

కోసు అనే మాట మనకు కొత్తది కాదు. సంస్కృతంలోని 'క్రోశం' హిందీలో 'కోస్' అయింది, తెలుగులో 'క్రోసు' అయింది. క్రోశం అంటే కేక. గట్టిగా అరిస్తే ఎంత దూరం వినిపిస్తుందో అంత దూరమన్నమాట. నాలుగు క్రోసులైతే ఆమడ. మన తాతల తరంలో క్రోసంటే సుమారు రెండు మైళ్ళనీ, ఆమడంటే ఎనిమిది మైళ్ళనీ చెప్పుకొనేవారు.

కేక మీద ఆధారపడిన కొలతకు వచ్చే చిక్కేమిటో భౌతికశాస్త్రం చదివే మీకు వేరే చెప్పనక్కరలేదు. అరిచేవాడి గొంతు, వినేవాడి చెవి, గాలి వాలు, వాతావరణపు వేడి అన్నీ మారేవే. వాడుకలో క్రోసు ఎప్పుడూ ఒకే పొడవు లేదు. ఒక ప్రాంతంలో మైలున్నర అయితే మరొక ప్రాంతంలో రెండున్నర మైళ్ళు. పల్లెటూళ్ళో 'ఇక్కడికి క్రోసెడు దూరమే' అని ఎవరైనా చెబితే దాన్ని నమ్మి నడిచినవారి అవస్థ ఎలా ఉండేదో ఊహించవచ్చు. ప్రేమకొద్దీ దారి దూరాన్ని తగ్గించి చెప్పే అలవాటు అన్ని దేశాల పల్లెల్లోనూ ఉన్నట్టే కనబడుతుంది.

బాటల మీద క్రోసుల లెక్కన సదుపాయాలు కల్పించడం మనకు తెలిసినంతలో అశోకుడి నాటి నుంచీ ఉంది. కర్నూలు జిల్లా ఎర్రగుడిలో, గుత్తి నుంచి పత్తికొండ పోయే దారికి దగ్గరగా ఉన్న బండల మీద ఆయన శాసనాలను మీరు ఇప్పటికీ చూడవచ్చు. మనుషుల కోసం, పశువుల కోసం దారుల వెంట బావులు తవ్వించి చెట్లు నాటించినట్టు వాటిలో రెండో శాసనం చెబుతుంది. ఇదే సంగతిని ఇంకా వివరంగా చెప్పే ఏడో స్తంభ శాసనం ఒకే ఒక్క స్తంభం మీద ఉంది. నేటి హర్యానాలోని తోప్రాలో ఉన్న ఆ రాతి స్తంభాన్ని 1356లో ఫిరోజ్ షా తుగ్లక్ 42 చక్రాల బండి మీదికి ఎక్కించి, యమునా నదిలో పడవల మీద ఢిల్లీకి తెప్పించాడు. అది నేటికీ ఫిరోజ్ షా కోట్లాలో నిలబడి ఉంది. మర్రి చెట్లు నాటించాననీ, మామిడి తోపులు వేయించాననీ, 'అడ్ఢకోసిక్యాని' దూరాల్లో బావులు తవ్వించాననీ అశోకుడు అందులో అంటాడు. ఈ ఒక్క మాట దగ్గర పండితులు రెండు పక్షాలుగా విడిపోయారు. అర క్రోసుకొక బావి అని కొందరంటారు. కాదు, ఎనిమిది క్రోసులకొకటి అని మరికొందరంటారు. పదహారు రెట్ల తేడా! శాసనం క్షేమంగా ఉంది, అక్షరాలు క్షేమంగా ఉన్నాయి. లేనివి బావులు. వరుసలో ఒక నాలుగైదు బావులు మిగిలి ఉంటే వ్యాకరణం అక్కరలేకుండా టేపు పట్టుకుని ఈ వివాదాన్ని ఒక పూటలో తేల్చుకోగలిగేవాళ్ళం.

తాడు, బార్లీ గింజ, వెదురు

ఇక మొగల్ కాలానికి వద్దాం. 1528 డిసెంబరులో బాబర్ ఆగ్రా నుంచి కాబూల్ దాకా దారిని కొలవమని చక్మాక్ బేగ్ అనే అధికారికి ఆజ్ఞ ఇచ్చాడు. తొమ్మిది క్రోసులకొక బురుజు, పద్దెనిమిది క్రోసులకొకచోట ఆరు తపాలా గుర్రాలు ఏర్పాటు చేయాలన్నాడు. ఎంత పొడవు తాడు వాడాలో, అటువంటి నూరు తాళ్ళు ఒక క్రోసు అవుతుందనీ తన ఆత్మకథలో రాసుకున్నాడు. ఆనాటి కొలతల నిచ్చెనలో అడుగుమెట్టు బార్లీ గింజ. గింజలు పక్కపక్కన పేర్చితే అంగుళి, అంగుళులు కలిస్తే బెత్తెడు, బెత్తెలు కలిస్తే గజం, గజాలు కలిస్తే క్రోసు. పొలంలో పండే గింజ నుంచి ఆగ్రా–కాబూల్ రహదారి దాకా ఒకే గొలుసు.

రెండేళ్ళకు బాబర్ చనిపోయాడు. ఆ తరువాత 1540 నుంచి 1545 వరకు ఏలిన షేర్‌షా సూర్ బెంగాల్‌లోని సోనార్‌గావ్ నుంచి సింధు నది వైపు పోయే మహామార్గాన్ని బాగుచేయించి, రెండేసి క్రోసులకొక సరాయి కట్టించాడు. మన పాఠ్యపుస్తకాల్లో ఈ సంగతి ఉండనే ఉంది కనుక ఇక్కడ ఆగనక్కరలేదు.

క్రోసుకొక మినార్ అన్న ఆలోచన అక్బర్ నాటిది. సలీం 1569లో పుట్టిన తరువాత, మొక్కు తీర్చుకోవడానికి 1570లో అక్బర్ ఆగ్రా నుంచి అజ్మీర్ దాకా కాలినడకన వెళ్ళాడు. ఎన్నో ఏళ్ళపాటు ఆ యాత్ర సాగుతూనే వచ్చింది. నడిచినవాడికే కదా దూరం విలువ తెలిసేది. ఆ దారి పొడుగునా క్రోసుకొక మినార్ కట్టాలని ఆజ్ఞ వెలువడిందని అక్బర్‌నామా చెబుతుంది. బదాయూనీ అనే చరిత్రకారుడు దీనికి ఇంకొక వివరం జోడించాడు. అక్బర్ వేటాడిన జింకల కొమ్ములను లెక్కలేనన్ని ఆ మినార్లకు తగిలించారట. చక్రవర్తి మీద చిరచిరలాడుతూ రాయడం ఈయనకు అలవాటు. ఆ కొమ్ములకు బదులు తోటలో సరాయిలో వేయించి ఉంటే బాగుండేదని ఒక చురక కూడా వేశాడు.

బదాయూనీ చెప్పిన మరో ముచ్చట లెక్కలంటే ఇష్టమున్నవారికి నచ్చుతుంది. ఈ మినార్ల కాలాన్ని 'మీల్-ఎ-షాఖ్', అంటే కొమ్ముల స్తంభం అన్న మాటలో దాచారు. ఫార్సీ లిపిలో ప్రతి అక్షరానికీ ఒక విలువ ఉంది, మన కటపయాది పద్ధతిలాగే. మీమ్ 40, యే 10, లామ్ 30, షీన్ 300, అలిఫ్ 1, ఖే 600. కూడండి. 981 వస్తుంది. హిజ్రీ 981 అంటే క్రీస్తుశకం 1573–74. అక్షరం లేని స్తంభాలకు అక్షరాలతో తేదీ వేసినట్టయింది.

సరిగ్గా ఆ రోజుల్లోనే మరొక మార్పు జరిగింది. పొలాలు కొలవడానికి అప్పటిదాకా జనపనార తాడు వాడేవారు. తాడుతో వచ్చే ఇబ్బందిని అబుల్ ఫజల్ అయిన్-ఎ-అక్బరీలో స్పష్టంగా రాశాడు. తేమ తగిలినప్పుడు ఒక పొడవు, ఎండినప్పుడు ఇంకొక పొడవు. నార పోగులు నీటిని పీల్చుకుని లావెక్కినప్పుడు, వాటిని పురిపెట్టి పేనిన తాడు పొట్టిదవుతుంది. తడిసిన మోకు బిగుసుకుపోవడం మీలో బావి దగ్గర నీళ్ళు తోడినవారికి తెలుసు. మంచులో తడిసిన తాడుతో పొద్దున కొలిస్తే ఒక విస్తీర్ణం, మధ్యాహ్నం కొలిస్తే మరొక విస్తీర్ణం. పన్ను విస్తీర్ణాన్ని బట్టి కనుక ఆ తేడా రైతు గింజల్లోనో, ఖజానా గింజల్లోనో తేలుతుంది. 1574–75 ప్రాంతంలో తాడును తీసేసి, ఇనుప కడియాలతో జోడించిన వెదురు కర్రల గొలుసు ప్రవేశపెట్టారు. వెదురు నిలువునా తేమకు పెద్దగా పెరగదు, తరగదు. కొలత పరికరంలోని దోషాన్ని గుర్తించడం, దానికి కారణం కనుక్కోవడం, దోషం తక్కువగా ఉండే పదార్థాన్ని ఎంచుకోవడం, ఇదంతా మీరు ప్రయోగశాలలో నేర్చుకుంటున్న విద్యే.

అయిన్ ప్రకారం క్రోసు అంటే 5000 ఇలాహీ గజాలు. ఒక్కొక్కటి 50 గజాల చొప్పున నూరు తాళ్ళు, లేదా ఒక్కొక్కటి పన్నెండున్నర గజాల చొప్పున నాలుగు వందల వెదుళ్ళు. చక్రవర్తి ప్రయాణిస్తున్నప్పుడు కొలిచేవారు వెదుళ్ళతో దారి దూరం నమోదు చేసేవారు, ఆ లెక్కను పై అధికారులు తనిఖీ చేసేవారు. కేక వినబడినంత దూరం అయిదువేల గజాలుగా మారింది.

1619లో జహంగీర్ ఆగ్రా నుంచి లాహోర్ వరకు క్రోసుకొక స్తంభం, మూడు క్రోసులకొక బావి ఏర్పాటు చేయమన్నాడు. అంతకు ముందే ఆ దారికి ఇరువైపులా చెట్లు నాటించాడు. నేడు హర్యానాలో, పంజాబ్‌లో, లాహోర్ పరిసరాల్లో మనకు కనిపించే వరుస ఈ బాటదే. పాత దారి 630 కిలోమీటర్లని ఉజ్జాయింపుగా అనుకుంటే, ఆ ఒక్క మార్గం మీదే నూట యాభై దాకా మినార్లు ఉండి ఉండాలి. ఈ లెక్క ఎలా వచ్చిందో ఇప్పుడే తెలుస్తుంది.

గజం పొడవెంత?

ఇలాహీ గజం అన్నాం. దాని పొడవెంత? 41 అంగుళులని అయిన్ చెబుతుంది. కాని ఎవరి అంగుళి? అక్బర్ నాటి ప్రామాణిక గజం కర్ర ఏదీ మనకు మిగలలేదు. ఈస్టిండియా కంపెనీ ఢిల్లీ, ఆగ్రా ప్రాంతాలను వశం చేసుకుని శిస్తు వసూలుకు దిగినప్పుడు ఈ ప్రశ్న పండితుల సరదా కాకుండా పోయింది. భూమి లెక్కంతా బీఘాల్లో ఉంది, బీఘా అంటే 60 గజాల పొడవు, 60 గజాల వెడల్పు. గజం ఒక్క అంగుళం తేడా వస్తే బీఘా ఆరు శాతం తేడా వస్తుంది. రకరకాల అంచనాలు చూసి, చివరికి ఇలాహీ గజం 33 అంగుళాలని కంపెనీ ప్రభుత్వం తీర్మానించింది. అప్పుడు బీఘా 3025 చదరపు ఇంగ్లీషు గజాలు, అంటే ఎకరంలో సరిగ్గా ఎనిమిదింట అయిదు వంతులు. ఇంత చక్కని భిన్నం చూసేసరికి, అక్బర్ గజాన్ని కనుక్కున్నారా లేక గుమాస్తాల లెక్కకు అనువుగా అమర్చుకున్నారా అని మీకు అనుమానం వస్తే తప్పులేదు.

అనుమానం తీర్చుకోవడానికి వేరే సాక్షి కావాలి. పుస్తకం కాని సాక్షి, గుమాస్తా కాని సాక్షి. ఆ సాక్షులు రోడ్డు పక్కనే నిలబడి ఉన్నారు.

ఢిల్లీ సమీపంలో అయిదు జతల కోస్ మినార్ల మధ్య దారి దూరాన్ని నిజంగా కొలిచారు. సగటున 2 మైళ్ళ 4 ఫర్లాంగుల 158 గజాలు వచ్చింది. యూల్, బర్నెల్ పండితులు కూర్చిన 'హాబ్సన్-జాబ్సన్' అనే ప్రసిద్ధ నిఘంటువులో ఈ సంఖ్య నమోదై ఉంది. కాగితం, పెన్సిలు తీసుకుని నాతోపాటు లెక్క చేయండి. మైలుకు 1760 ఇంగ్లీషు గజాలు, ఫర్లాంగుకు 220. మొత్తం 4558 గజాలు. గజానికి 36 అంగుళాల చొప్పున 1,64,088 అంగుళాలు. దీన్ని 5000తో భాగిస్తే 32.82 అంగుళాలు. ఇదీ మినార్లు చెబుతున్న ఇలాహీ గజం. కంపెనీ తీర్మానించిన 33 అంగుళాలకు, దీనికి మధ్య తేడా అయిదు మిల్లీమీటర్ల లోపు!

మరోవైపు నుంచి చూడండి. గజం 33 అంగుళాలైతే క్రోసు 4583 గజాలు కావాలి. మినార్లు చెప్పింది 4558. నాలుగు కిలోమీటర్లకు పైబడిన దూరంలో తేడా 25 గజాలు, అంటే వెయ్యికి అయిదున్నర వంతులు. వెదురు కర్రలతో, ఎగుడుదిగుడు నేల మీద, నాలుగు వందల సార్లు కర్ర పెట్టి తీసి కొలిచినవారి పనితనానికి ఇది సాక్ష్యం. మెట్రిక్ కొలతలో ఈ క్రోసు 4168 మీటర్లు, అంటే 4.17 కిలోమీటర్లు. ఇందాకటి నూట యాభై లెక్క 630ని దీనితో భాగిస్తే వచ్చిందే.

లఘులోలకం ప్రయోగంలో ఒక్క డోలనాన్ని కాకుండా ఇరవై డోలనాల కాలాన్ని కొలిచి ఇరవైతో భాగించమని మీ మాస్టారు ఎందుకు చెబుతారు? ఒక్కదానిలో దొర్లే పొరపాటు ఇరవైలో పలచబడుతుంది కనుక. మినార్ల విషయంలోనూ అంతే. ఒక్క జత మాత్రమే మిగిలి ఉంటే, వాటి మధ్య బాట ఒక వంపు తిరిగిందేమో, ఒక మినార్‌ను వాగు కారణంగా కాస్త పక్కకు జరిపి కట్టారేమో చెప్పలేం. అయిదు జతలున్నాయి కనుక సగటు తీయగలిగారు. ఇరవై ఉంటే ఇంకా నమ్మకంగా చెప్పేవాళ్ళం.

పదమూడో నంబరు

మినార్ల విలువ వాటి మధ్యనున్న దూరంలో ఉందని మొదట్లో అనుకున్నాం. మరి మనం కాపాడుతున్నది దేన్ని?

రోడ్డు మనిషిలాంటిది, ఒకచోట నిలవదు. బ్రిటిష్ కాలంలో గ్రాండ్ ట్రంక్ రోడ్డును చాలా చోట్ల తిన్నగా మలిచారు, పక్కకు జరిపారు. రైలు మార్గం వచ్చింది. తరువాత నాలుగు వరుసల, ఆరు వరుసల రహదారులు వచ్చాయి. మినార్లు మాత్రం ఉన్నచోటే ఉండిపోయాయి. అందుకే చాలా మినార్లు ఇవాళ ఏ రోడ్డుకూ పక్కన లేవు. గోధుమ చేల నడుమ నిలిచిన మినార్‌ను చూసి 'ఇక్కడెందుకు కట్టారు?' అని అడిగితే జవాబు ఒక్కటే. బాట అక్కడ ఉండేది. ఢిల్లీలో ఒక మినార్ ఏకంగా జంతు ప్రదర్శనశాల ఆవరణలో చిక్కుకుంది. పులిని చూడ్డానికి వచ్చిన పిల్లలు దాన్ని దాటుకుంటూ పోతుంటారు. 1947లో గీసిన సరిహద్దు రేఖ ఈ వరుసను రెండు దేశాలకు పంచింది. అమృత్‌సర్ వైపు కొన్ని, లాహోర్ వైపు కొన్ని. రెండు వైపులా పురావస్తు శాఖలున్నాయి. ఆగ్రా నుంచి లెక్కపెట్టుకుంటూ లాహోర్ చేరగలిగిన బాటసారి మాత్రం ఇప్పుడు లేడు.

2022 డిసెంబరులో పార్లమెంటు స్థాయీ సంఘం ఒక నివేదిక సమర్పించింది. కేంద్ర రక్షణలో ఉన్న 3,693 కట్టడాల్లో 50 కనిపించకుండా పోయాయని అందులో తేలింది. 14 నగరాల విస్తరణకు బలయ్యాయి, 12 జలాశయాల కింద మునిగాయి, 24 ఎక్కడున్నాయో ఆచూకీ లేదు. ఆచూకీ లేనివాటిలో హర్యానాకు చెందిన రెండు కోస్ మినార్లున్నాయి. ఒకటి ఫరీదాబాద్‌లోని ముజేసర్‌ది, మరొకటి కురుక్షేత్ర జిల్లాలోని షాహాబాద్‌ది. మొత్తం కట్టడాల్లో కాపలా సిబ్బంది ఉన్నవి 248 మాత్రమేనని కూడా అదే నివేదిక చెప్పింది. కోటలకే కాపలా చాలనప్పుడు చేలోని ఇటుక స్తంభానికి ఎక్కడి నుంచి వస్తుంది?

2024 మార్చిలో భారత పురావస్తు సర్వేక్షణ శాఖ 18 కట్టడాలను రక్షిత జాబితా నుంచి తొలగించాలని నిర్ణయించింది. వాటిలో ముజేసర్ మినార్ ఉంది. జాబితాలో దాని పేరు 'కోస్ మినార్ నంబరు 13'. ముజేసర్ ఊరి పేరు ఇవాళ ఢిల్లీ మెట్రో స్టేషన్ పేరులో వినిపిస్తుంది. తొలగించడానికి వాడేది 1958 నాటి చట్టంలోని 35వ సెక్షను. ఒక కట్టడానికి 'జాతీయ ప్రాముఖ్యం లేకుండా పోయింది' అని ప్రభుత్వం భావిస్తే జాబితా నుంచి తీసేయవచ్చని అది చెబుతుంది. ఈ వాక్యం దగ్గర కాసేపు ఆగండి. పోయింది ప్రాముఖ్యమా, మినారా? పోగొట్టుకున్న వస్తువును గురించి 'అది ముఖ్యం కాదు' అని రాసుకోవడం మనుషులు ఇంట్లో చేసే పనే. చట్టంలోనూ ఆ వెసులుబాటు ఉండటం తమాషా.

ఒక మినార్ పోతే ఎంత నష్టం? నూట పదిలో ఒకటి అనుకుంటే శాతం లోపు. కాని 12కు, 14కు మధ్యనుండే 13 పోతే ఒక స్తంభంతోపాటు రెండు దూరాలు పోతాయి. 12 నుంచి 13 పోయింది, 13 నుంచి 14 పోయింది. పక్కపక్కనే రెండు పోతే మూడు దూరాలు పోతాయి. వరుసలో ఒకటి విడిచి ఒకటి పోయాయనుకోండి, సగం మినార్లు మిగిలే ఉన్నా ఒక్క క్రోసు దూరమైనా కొలవడానికి మిగలదు. పోయిన మినార్లకు ఇటూ అటూ ఉన్నవాటి మధ్య దూరం కొలిచి భాగించవచ్చు కదా అని మీరంటే, అనవచ్చు. అయితే పాత బాట ఏ వంపులు తిరిగిందో ఆ మధ్య మినారే చెప్పాలి. ఎడం పెరిగే కొద్దీ మనం కొలిచేది మొగల్ బాటను కాదు, మన ఊహను.

చట్టం ఈ సంగతిని గమనించదు. దాని దృష్టిలో ప్రతి మినార్ దేనికది వేరే కట్టడం. 2010లో సవరించిన ప్రకారం రక్షిత కట్టడం చుట్టూ 100 మీటర్ల లోపు కొత్త నిర్మాణం నిషిద్ధం, ఆపైన 200 మీటర్లు నియంత్రిత ప్రాంతం. వృత్త వైశాల్యం సూత్రం మీకు తెలుసు. 100 మీటర్ల వ్యాసార్థానికి దాదాపు 7.8 ఎకరాలు, 300 మీటర్లకు 70 ఎకరాలు. పది మంది చేతులు కలిపితే చుట్టుముట్టగలిగే స్తంభానికి డెబ్భై ఎకరాల నీడ! కోటకైనా మినార్‌కైనా ఒకే కొలత. తన స్థలంలో ఇంకొక గది వేసుకోవాలనుకునే కుటుంబానికి ఆ మినార్ వారసత్వంగా కనిపిస్తుందా, అడ్డంకిగా కనిపిస్తుందా? మినార్ మాయమైతే లాభపడేవాళ్ళను చట్టమే తయారుచేస్తోందని నా అభిప్రాయం. అదే చట్టం, రెండు మినార్ల మధ్యనున్న పాత బాట జాడను మాత్రం పట్టించుకోదు. బాట చివరి గుర్తు దున్నుకుపోయినా ఎవరినీ అడగనక్కరలేదు. మినార్ చుట్టూ ఇంత పెద్ద వృత్తానికి బదులు చిన్న వృత్తం చాలు. దానికి తోడు వరుస మొత్తాన్ని ఒకే కట్టడంగా గుర్తిస్తే రక్షణా పెరుగుతుంది, పక్కింటివాడికి ఊపిరీ ఆడుతుంది. ఇటువంటి ఆలోచన పూర్తిగా లేకపోలేదు. ఉత్తరాపథం, బాద్‌షాహీ సడక్, గ్రాండ్ ట్రంక్ రోడ్డు అనే పేర్లతో ఈ మార్గం వెంట ఉన్న స్థలాలను భారతదేశం 2015లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేర్పించింది.

ఉన్నవాటిని బాగుచేసేటప్పుడూ జాగ్రత్త కావాలి. సున్నంతో కట్టిన గోడ తేమను పీల్చి వదులుతుంది. దాని మీద సిమెంటు పూస్తే బయటికి గట్టిగా, నున్నగా కనిపిస్తుంది. కాని లోపలి తడికి దారి మూసుకుపోతుంది. నేలలోంచి నీటితోపాటు ఎక్కిన లవణాలు పూత వెనుక స్ఫటికాలుగా పేరుకుని మెత్తని పాత ఇటుకను పొడి చేస్తాయి. కొన్నేళ్ళకు సిమెంటు పెచ్చు ఊడినప్పుడు దానితోపాటు ఇటుక ముఖం కూడా ఊడి వస్తుంది. హర్యానా పొలాల్లో కాలువ నీరు, రసాయనిక ఎరువులు తోడై ఈ లవణాల బెడదను పెంచుతాయి.

మన సంగతికి వస్తే, మనదేశం 1956 చట్టంతో మెట్రిక్ పద్ధతికి మారాక మైలురాళ్ళన్నీ కిలోమీటరు రాళ్ళయ్యాయి. మాట మాత్రం మారలేదు. పత్రికల్లో ఇవాళ్టికీ 'మరో మైలురాయి' అనే రాస్తాం. పాత మైలురాయి ఒకటి మీ ఊరి పొలిమేరలో పొదలచాటున మిగిలి ఉంటే, దాని పక్క రాయి కూడా ఉందేమో చూడండి. రెండూ దొరికితే వాటి మధ్య దారిని కొలవండి. 1609 మీటర్లు రావాలి. రాకపోతే రాయి జరిగిందో, రోడ్డు జరిగిందో కనుక్కోవలసిన పని మీకు దొరికినట్టే.

కోస్ మినార్లతోనూ ఇది ఇంట్లో కూర్చుని చేయవచ్చు. ఢిల్లీ నుంచి దక్షిణంగా ఫరీదాబాద్, పల్వల్ వైపు పోయే దారిలో మిగిలిన మినార్ల స్థానాలు పటం మీద గుర్తించండి. వాటిని కలుపుతూ పాత బాట ఎటు పోయి ఉంటుందో గీత గీయండి. దాని మీద దారం పరిచి, పటం స్కేలు ప్రకారం 4.17 కిలోమీటర్లకొకచోట సిరా చుక్క పెట్టండి. నిలిచి ఉన్న మినార్ల దగ్గర చుక్కలు ఇంచుమించుగా వాటి మీదే పడితే మీ గీత సరైనదే. అప్పుడు పదమూడో నంబరు పడవలసిన చుక్క ఏ వీధిలో, ఎవరి ఇంటి మీద పడుతుందో చూడండి.